చక్రాలు ఆరా, ఏడా, తొమ్మిదా? కుండలినీ పటం వెనకున్న లెక్కలు

పోతులూరి వీరబ్రహ్మంగారి గాథలో కక్కయ్య ఘట్టం తెలుగువాళ్లు చాలామందికి తెలిసిందే. దేహంలోనే చక్రాలు (శక్తికేంద్రాలు) ఉన్నాయని, వాటిలో దేవతలు కొలువై ఉన్నారని బ్రహ్మంగారు సిద్ధయ్యకు బోధిస్తుంటే కక్కయ్య చాటున వింటాడు. ఇంటికెళ్లి భార్య దేహాన్ని కోసి దేవతల కోసం వెతుకుతాడు. నెత్తురు, పేగులు తప్ప ఏమీ కనిపించవు. మోసపోయానని మండిపడుతూ స్వామి దగ్గరికి పరుగెత్తుతాడు. స్వామి ఆమెను బతికించడంతో ఆ ఘట్టం ముగుస్తుంది.

అది గాథ. ఆర్యసమాజ స్థాపకుడు దయానంద సరస్వతి మాత్రం తన స్వీయకథలోనే ఇలాంటి సంగతి చెప్పుకున్నాడు. గంగ ఒడ్డున తిరుగుతున్న రోజుల్లో నదిలో కొట్టుకొస్తున్న శవాన్ని ఒడ్డుకు లాగి, కత్తితో కోసి, దగ్గరున్న హఠయోగ గ్రంథాల్లోని వర్ణనలతో పోల్చి చూశాడు. ఒక్కటీ కలవలేదు. పుస్తకాలను చించి, శవంతోపాటే నదిలో పడేశాడు. ఈ స్వీయకథ 1879లో మొదలైన ‘థియోసఫిస్ట్’ పత్రికలో అచ్చయింది. చక్రాలను ప్రపంచమంతా తిప్పింది తర్వాతికాలంలో ఆ పత్రిక నడిపిన థియాసఫీ (దివ్యజ్ఞాన) సమాజం వాళ్లే కావడం ఓ తమాషా.

ఇద్దరిదీ ఒకటే ప్రశ్న: ఉన్నాయంటున్నారుగా, ఎక్కడున్నాయి? ఇవాళ వీడియోల్లో ఏడు రంగుల చక్రాలు తిరుగుతుంటే, రాళ్ల ఉంగరాలతో ‘చక్రా బ్యాలెన్సింగ్’ అమ్ముడవుతుంటే, చాలామంది అడుగుతున్నదీ అదే. దానికి ముందు అడగాల్సిన ప్రశ్న ఇంకోటుంది. అసలు ఏ పటం గురించి మాట్లాడుతున్నాం? ఎందుకంటే చక్రాల పటం ఒక్కటి కాదు.

ముందు మాటల సంగతి: చైతన్యం, వికాసం, గుప్తవిద్య

‘చైతన్య వికాసం’ అనే జంటపదం ఇప్పుడు ఎంత తేలిగ్గా దొర్లుతుందో, లోపల అంత చిక్కుంది. ఆసుపత్రిలో చైతన్యం అంటే తెలివిలో ఉండటం, స్పృహ. మనస్తత్వశాస్త్రంలో అనుభవానికి వస్తున్నదంతా చైతన్యమే. అద్వైతంలో చైతన్యం అంటే ‘చిత్’, శుద్ధమైన ఎరుక. అది పెరగదు, తరగదు, వికసించదు. మారేదల్లా దాని మీదున్న తెర. కాబట్టి అద్వైతి ముందు ‘నా చైతన్యం పెరిగింది’ అంటే, ఆకాశానికి సున్నం వేయించానన్నట్టు ఉంటుంది.

అలాగని వికాసం అనే మాట కొత్తదీ కాదు. 11వ శతాబ్దపు కాశ్మీర శైవుడు క్షేమరాజు ‘ప్రత్యభిజ్ఞాహృదయం’లో ‘మధ్యవికాసాత్ చిదానందలాభః’ అని సూత్రీకరించాడు. మధ్యనాడి (వెన్ను నడుమ ప్రాణం సాగే దారి) విచ్చుకుంటే చిదానందం దొరుకుతుందని దాని అర్థం. అక్కడ వికాసమంటే ముడుచుకున్న మొగ్గ విప్పారడం. జాతి మెట్టు మెట్టుగా ఎదుగుతూ పోవడమనే అర్థం 19వ శతాబ్దంలో, పరిణామవాదం ఊపులో ఉన్నప్పుడు, థియాసఫీ రచనల ద్వారా వచ్చి చేరింది. ఇవాళ్టి గందరగోళంలో సగం ఈ రెండు అర్థాలను కలిపేయడం వల్లే పుడుతోంది.

గుప్తవిద్య అంటే దాచిపెట్టిన అద్భుతం అనుకోనక్కర్లేదు. దీక్ష తీసుకున్నవాళ్లకు, గురువు చెప్పగా, విడతలవారీగా అందేది అని అర్థం. అందుకే ఆ గ్రంథాల్లో సగం మాట కాగితం మీద ఉంటుంది, మిగతా సగం గురువు నోట్లో ఉంటుంది. అచ్చుపుస్తకం చదివినవాడికి సగమే దక్కుతుంది. ఆ ఖాళీని ఎవరికి తోచినట్టు వాళ్లు పూరించుకుంటారు.

ఆరు చక్రాలు, 50 రేకులు: పూర్ణానందుడి పటం

ఇవాళ చెలామణిలో ఉన్న పటానికి మూలం బెంగాల్ తాంత్రికుడు పూర్ణానందుడు 1577లో రాసిన ‘షట్చక్రనిరూపణం’. అది విడి పుస్తకం కాదు, ‘శ్రీతత్త్వచింతామణి’లో ఆరో ప్రకరణం. పేరులోనే ఉంది, ఆరు చక్రాలు. సహస్రారం ఆ లెక్కలోకి రాదు. అది చక్రాలన్నిటినీ దాటాక చేరే చోటు. లలితా సహస్రనామం కూడా అమ్మవారిని ‘షట్చక్రోపరి సంస్థితా’ అంటుంది, ఆరింటికీ పైన ఉన్నది అని.

పటం కట్టుబాటు ఎలాంటిదో అక్షరాలు పెట్టి చూస్తే తేలిపోతుంది. రేకులు ఇవి: మూలాధారానికి 4, స్వాధిష్ఠానానికి 6, మణిపూరానికి 10, అనాహతానికి 12, విశుద్ధికి 16, ఆజ్ఞకు 2. కూడితే 50. ఒక్కో రేకు మీద ఒక్కో అక్షరం. కంఠంలోని విశుద్ధి దగ్గర మొదలుపెట్టండి. అ నుంచి అః దాకా 16 అచ్చులు అక్కడున్నాయి. (ఎ, ఒ హ్రస్వాలు సంస్కృతంలో లేవు కాబట్టి మన అచ్చుల పట్టిక ఇక్కడ నప్పదు. వాటిని తీసి ఋ, ౠ, ఌ, ౡ కలుపుకోవాలి.) అక్కడినుంచి కిందికి దిగితే హృదయంలో క నుంచి ఠ దాకా 12, నాభిలో డ నుంచి ఫ దాకా 10, దాని కింద బ నుంచి ల దాకా 6, అడుగున వ, శ, ష, స. మిగిలిన హ, క్ష రెండూ కనుబొమల మధ్యకు వెళ్తాయి. ఆ 50నీ 20 సార్లు తిప్పితే సహస్రారం వెయ్యి రేకులు.

అంటే రేకుల సంఖ్య ఎవరో లోపల చూసి ఎంచినదైతే అక్షరమాలతో ఇంత కచ్చితంగా సరిపోవడం వింతే. అక్షరమాలను దేహం మీద పరిచే పద్ధతిలోంచి ఆ సంఖ్య వచ్చిందనుకుంటే వింత ఏమీ లేదు. ఆ పరచడానికి శాస్త్రంలో పేరు కూడా ఉంది, మాతృకాన్యాసం. న్యాసమంటే ఉంచడం. ఉన్నదాన్ని కనుక్కోవడం కాదు.

శ్వాసల లెక్క కూడా ఇలాంటిదే. రోజుకు 21,600 శ్వాసలని, అవన్నీ అజపాజపమని, అంటే ప్రయత్నం లేకుండా ఊపిరితోనే సాగే జపమని శాస్త్రం. నిమిషానికి 15 చొప్పున 24 గంటలకు సరిగ్గా అంతే వస్తుంది. వాటిని పంచిన తీరు: మూలాధారంలో గణపతికి 600, ఆ పైన బ్రహ్మ, విష్ణు, రుద్రులకు తలా 6,000, జీవాత్మ, పరమాత్మ, గురువులకు తలా 1,000. గడియారంలోకి మారిస్తే గణపతికి 40 నిమిషాలు, త్రిమూర్తుల్లో ఒక్కొక్కరికి 6 గంటల 40 నిమిషాలు. నిజానికి ఊపిరి నిద్రలో ఒకలా, మెట్లెక్కుతుంటే ఒకలా ఉంటుంది. ఆ సంగతి ఈ లెక్క వేసినవాళ్లకు తెలియక కాదు.

ఒకే అమ్మవారు, రెండు పటాలు

పటాలు ఎక్కడ విడిపోతాయో చూడ్డానికి దూరం పోనక్కర్లేదు. శుక్రవారం చదివే లలితా సహస్రనామం తీయండి. 475వ నామం ‘విశుద్ధిచక్రనిలయా’ నుంచి 534వ నామం ‘యాకిన్యంబాస్వరూపిణీ’ దాకా ఒక్కో చక్రానికి ఒక్కో యోగిని (అక్కడి శక్తిదేవత), ఆమె ముఖాలు, ఆమె ఏ ధాతువులో ఉంటుంది, ఏ అన్నం ఇష్టం అనే వివరాలన్నీ ఉన్నాయి. విశుద్ధిలో డాకిని, ఒక ముఖం, చర్మం, పాయసాన్నం. అనాహతంలో రాకిణి, రెండు ముఖాలు, రక్తం, నేతి అన్నం. మణిపూరంలో లాకిని, మూడు ముఖాలు, మాంసం, బెల్లం అన్నం. స్వాధిష్ఠానంలో కాకిని, నాలుగు ముఖాలు, కొవ్వు, పెరుగన్నం. మూలాధారంలో సాకిని, అయిదు ముఖాలు, ఎముక, పెసరపప్పు అన్నం. ఆజ్ఞలో హాకిని, ఆరు ముఖాలు, మజ్జ, పసుపు కలిపిన అన్నం.

ముఖాల సంఖ్య వట్టినే పెట్టలేదు. ఆకాశానికి శబ్దమొక్కటే గుణం. వాయువుకు శబ్దం, స్పర్శ. అగ్నికి రూపం కలిపి మూడు. నీటికి రసంతో నాలుగు. భూమికి గంధంతో అయిదు. విశుద్ధి ఆకాశస్థానం కాబట్టి ఒక ముఖం, మూలాధారం భూస్థానం కాబట్టి అయిదు. ఆరో ముఖం మనస్సుది. మొత్తం పంచభూతాల పాఠాన్ని 60 నామాల్లో కుదించి పెట్టారన్నమాట.

ఇప్పుడు పూర్ణానందుడి దగ్గరికి రండి. డాకిని ఆయన పటంలో మూలాధారంలో ఉంది! రాకిణి స్వాధిష్ఠానంలో, లాకిని మణిపూరంలో, కాకిని అనాహతంలో, శాకిని విశుద్ధిలో, హాకిని ఆజ్ఞలో. రెండు జాబితాలూ పక్కపక్కన రాసి చూస్తే కిటుకు బయటపడుతుంది. డ, ర, ల, క, స, హ అనే వరస రెండింట్లోనూ ఒకటే. లలితాసంప్రదాయం దాన్ని కంఠం నుంచి కిందికి పరిచింది. పూర్ణానందుడు అడుగునుంచి పైకి పరిచాడు. అందుకే నడిమధ్య మణిపూరంలో లాకిని, చివర ఆజ్ఞలో హాకిని మాత్రమే రెండింట్లోనూ కదలకుండా ఉన్నారు.

ఇంతకన్నా గట్టి చిక్కు సౌందర్యలహరిలో ఉంది. 9వ శ్లోకం ‘మహీం మూలాధారే కమపి మణిపూరే హుతవహం స్థితం స్వాధిష్ఠానే’ అంటుంది. మణిపూరంలో నీరు, స్వాధిష్ఠానంలో అగ్ని. మామూలు పటంలో ఇది తలకిందులు. ఛందస్సు కోసం మాటలు అటూ ఇటూ జరిగాయని సరిపెట్టుకుందామంటే కుదరదు. 39వ శ్లోకం స్వాధిష్ఠానంలో అగ్నినే నిలిపింది, 40వ శ్లోకం మణిపూరంలో మెరుపుతో కూడిన నల్లటి వానమబ్బును చూపించింది. ఆజ్ఞ నుంచి దిగుతూ వచ్చే ఆ శ్లోకాల వరసలో స్వాధిష్ఠానం ముందు, మణిపూరం తర్వాత వస్తాయి. లొల్ల లక్ష్మీధరుడి వంటి వ్యాఖ్యాతలు దీంతో కుస్తీ పట్టాల్సి వచ్చింది. గమ్మత్తేమిటంటే మణిపూరాన్ని అగ్నిస్థానం చేసిన పూర్ణానందుడి పటంలో కూడా ఆ పద్మం రేకులు మబ్బు రంగువే.

వెన్ను అడుగున నిద్రపోతుందని చెప్పే శక్తి కుండలిని. అది పైకి లేచే దారిలోని ముడుల (గ్రంథుల) సంగతీ అంతే. లలితాసహస్రం ప్రకారం బ్రహ్మగ్రంథి మూలాధారంలో, విష్ణుగ్రంథి మణిపూరంలో, రుద్రగ్రంథి ఆజ్ఞలో. హఠయోగప్రదీపిక వ్యాఖ్యాత బ్రహ్మానందుడు బ్రహ్మగ్రంథిని అనాహతంలో, విష్ణుగ్రంథిని విశుద్ధిలో పెట్టాడు.

ఇక సంఖ్యల విషయానికొస్తే, బౌద్ధ హేవజ్రతంత్రానికి నాలుగు చక్రాలు చాలు. గోరక్షుడి పేర ఉన్న సిద్ధసిద్ధాంతపద్ధతిలో తొమ్మిది. పతంజలి అయితే నాభిచక్రం మీద సంయమం చేస్తే (మనసును పూర్తిగా నిలిపితే) శరీరనిర్మాణం తెలుస్తుందని ఒక్క సూత్రంలో చెప్పి ముందుకు వెళ్లిపోయాడు. ఆయన సూత్రాల్లో కుండలిని మాటే లేదు. ‘పతంజలి చెప్పిన ఏడు చక్రాలు’ అని ఎక్కడైనా కనిపిస్తే, అది రాసినవారు యోగసూత్రాలు తెరవలేదని అర్థం.

పైకి పోవడమంటే కరిగిపోవడం

ఇన్ని పటాల్లో ఎన్ని తేడాలున్నా కదలిక దిశ విషయంలో పెద్దగా పేచీ లేదు. ఆత్మ నుంచి ఆకాశం, ఆకాశం నుంచి వాయువు, వాయువు నుంచి అగ్ని, అగ్ని నుంచి నీరు, నీటి నుంచి భూమి పుట్టాయని తైత్తిరీయోపనిషత్తు. తాంత్రికుడు ఈ దారిని వెనక్కి నడుస్తాడు. భూమిని నీటిలో కలుపుతాడు, నీటిని అగ్నిలో ఇంకిస్తాడు, అగ్నిని గాలిలో, గాలిని ఆకాశంలో, ఆకాశాన్ని మనసులో లయం చేస్తాడు. కుండలిని ఒక్కో చక్రం దాటడమంటే ఒక్కో తత్త్వం తనలోకి ముడుచుకోవడం. కాబట్టి దీన్ని లయయోగం అన్నారు. ‘ఎదుగుదల’ అనే మాటతో పోలిస్తే దీని దిశ పూర్తిగా వేరు.

ఈ గుప్తవిద్య ముక్క ఒకటి మన పూజగదిలో రోజూ వినిపిస్తూనే ఉంటుంది. సహస్రనామానికి ముందు చేసే పంచపూజ గుర్తు తెచ్చుకోండి. లం పృథివ్యాత్మికాయై గంధం. హం ఆకాశాత్మికాయై పుష్పం. యం వాయ్వాత్మికాయై ధూపం. రం అగ్న్యాత్మికాయై దీపం. వం అమృతాత్మికాయై నైవేద్యం. ఆ లం, వం, రం, యం, హం మూలాధారం నుంచి విశుద్ధి దాకా ఉన్న చక్రాల బీజాక్షరాలే. గంధం భూమి గుణం, దీపం అగ్ని రూపం. పళ్లెంలో పెట్టి ఇస్తున్నది అయిదు చక్రాలను, అంటే తనను తాను.

పూజకు ముందు దేహంలోని పంచభూతాలను శుద్ధిచేసే భూతశుద్ధిలో ఇదే పని ఊపిరితో జరుగుతుంది. పొట్ట ఎడమవైపు నల్లటి పాపపురుషుణ్ణి భావిస్తారు. యం బీజంతో 16 లెక్క పీల్చి, 64 లెక్క నిలిపి, 32 లెక్క వదులుతూ వాణ్ణి ఎండబెడతారు. రం తో కాల్చి బూడిద చేస్తారు. వం తో అమృతం కురిపించి, లం తో కొత్త దేహాన్ని గట్టిపరుస్తారు. అప్పుడుగాని ఆ దేహం పూజకు అర్హం కాదు. 1:4:2 నిష్పత్తి చదవడానికి తేలిగ్గా ఉంటుంది. లెక్కకు ఒక సెకను వేసుకున్నా ఒక్క ఆవృత్తికి 112 సెకన్లు, అందులో 64 సెకన్లు ఊపిరి బిగబట్టడమే. అలవాటు లేనివాళ్లు అక్కడే తబ్బిబ్బవుతారు. అందుకే చాలా పద్ధతుల్లో 4, 16, 8తో మొదలుపెట్టిస్తారు. నిష్పత్తి అదే, ఆవృత్తి 28 సెకన్లకు దిగుతుంది.

పటం పడవెక్కింది: 1919 నుంచి ఇంద్రధనుస్సు దాకా

కలకత్తా హైకోర్టు జడ్జి జాన్ ఉడ్రఫ్, ఆర్థర్ అవలాన్ అనే కలంపేరుతో 1919లో పూర్ణానందుడి గ్రంథాన్ని ఇంగ్లీషులోకి తెచ్చాడు. అటల్ బిహారీ ఘోష్ వంటి బెంగాలీ పండితుల సాయం లేకపోతే ఆ పని జరిగేది కాదు. అప్పటిదాకా అనేక పటాల్లో ఒకటిగా ఉన్న బెంగాలీ పటం ఆ ఒక్క పుస్తకంతో ‘అసలు’ పటమైపోయింది.

1927లో థియాసఫిస్టు లెడ్‌బీటర్ తన పటం అచ్చువేశాడు. తాను దివ్యదృష్టితో చూశానన్నాడు. ఆయన పటంలో స్వాధిష్ఠానం లేదు, ఆ చోట ప్లీహచక్రం వచ్చి కూచుంది. ఆజ్ఞకు రెండు రేకులకు బదులు 96 ఆకులు, శిరస్సుపైన వెయ్యికి బదులు 972. పద్మాలు పోయి బండిచక్రాలు వచ్చాయి. అడయారులో మదనపల్లె పిల్లవాడు జిడ్డు కృష్ణమూర్తిని 1909లో గుర్తించి జగద్గురువుగా తయారుచేయబూనిందీ ఈ లెడ్‌బీటరే. ఆ కృష్ణమూర్తి 1929లో తన కోసం పెట్టిన సంఘాన్ని రద్దుచేసి, సత్యానికి దారీ తెన్నూ లేదని తేల్చి చెప్పి, చక్రాలూ మెట్లూ అన్నిటినీ పక్కకు నెట్టాడు.

రంగుల కథ మరీ కొత్తది. పూర్ణానందుడి ప్రకారం మూలాధారం రేకులు ఎర్రన, స్వాధిష్ఠానానివి సిందూరం, మణిపూరానివి నీలమేఘం, అనాహతానివి మంకెనపువ్వు ఎరుపు, విశుద్ధివి పొగరంగు కలిసిన ఊదా, ఆజ్ఞవి చంద్రుడి తెలుపు. ఎరుపు, నారింజ, పసుపు, ఆకుపచ్చ, నీలం, ఇండిగో, ఊదా అనే సరళమైన వరస ఏ పాత తంత్రంలోనూ లేదు. అది 1970ల్లో కాలిఫోర్నియాలో స్థిరపడింది. హృదయచక్రం ఆకుపచ్చగా ఉందంటే ఇంద్రధనుస్సులో నాలుగో రంగు ఆకుపచ్చ కాబట్టి. ఏడు రంగులకు ఏడు చక్రాలు సరిపోయాయి. ఆరింటికి పైన ఉండాల్సిన సహస్రారం ఆ వరసలో ఏడోదిగా నిలిచింది.

నాలుగు వాదాలు, ఒక్కోదాని బలం, ఒక్కోదాని లోపం

చక్రాలు సూక్ష్మశరీరంలో నిజంగానే ఉన్నాయి, కోస్తే కనిపించవు, సాధనలో మాత్రమే తెలుస్తాయి అనేది సంప్రదాయవాదుల మాట. కక్కయ్యకూ దయానందుడికీ ఇది సమాధానమే. స్థూలదేహంలో సూక్ష్మాన్ని వెతకడం తంబూరా చీల్చి రాగం వెతకడం లాంటిది. సాధకులు వెన్నులో వేడిని, కనుబొమల మధ్య ఒత్తిడిని, నాదాన్ని అనుభవించడం నిజం. ఇబ్బంది ఎక్కడంటే పటాలు ఒకదానితో ఒకటి కలవకపోవడం దగ్గర. రెండు పటాలూ చూసి గీసినవే అయితే నీళ్లూ నిప్పూ చోట్లు మారకూడదు కదా.

రెండో వర్గం చక్రాలను నరాల అల్లికలతో, హార్మోన్ల గ్రంథులతో జత చేస్తుంది. 1927లో బొంబాయి వైద్యుడు వసంత్ రేలే కుండలిని అంటే మెదడు నుంచి పొట్టదాకా దిగే వేగస్ నరమేనని రాశాడు. ఆధునికులకు ఇది రుచించింది, ఎందుకంటే వేలు పెట్టి చూపించడానికి ఏదో ఒకటి దొరికింది. ఆ పుస్తకానికి ముందుమాట రాసిన ఉడ్రఫే ఆ జతను ఒప్పుకోలేదు. చక్రాలు చైతన్యకేంద్రాలు, నరాల ముడులు కావన్నాడు. పైగా నరాల అల్లికలను రేకుల లెక్కతో పోలిస్తే ఒక్కటీ నిలవదు. సంప్రదాయాన్ని కాపాడాలనుకున్న ఈ వాదం దాన్ని దయానందుడి కత్తి కిందికి మళ్లీ నెట్టింది.

మూడోది స్విస్ మనోవైద్యుడు యుంగ్ దారి. 1932 శరత్తులో జ్యూరిక్‌లో ఆయన కుండలినీయోగం మీద ఉపన్యాసాలిచ్చాడు. మూలాధారమంటే మనం ఉద్యోగాలు చేసుకుంటూ బతుకుతున్న ఈ మామూలు ప్రపంచమేనన్నాడు. స్వాధిష్ఠానంలోని మొసలి అచేతనం, మణిపూరం ఆవేశాల కుంపటి, అనాహతంలోని జింక అంతర్ముఖత్వపు మొదటి కదలిక. చదవడానికి ఎంతో బాగుంటుంది. పైగా మనకు తెలిసిన మనోవికాస భాషలోకి పటం మారుతుంది. కానీ తాంత్రికుడు ఈ గుర్తులను తన వ్యక్తిత్వాన్ని పండించుకోవడానికి వాడలేదు, దాన్ని లయం చేయడానికి వాడాడు. యుంగ్ దాన్ని తన వైద్యానికి కావాల్సినట్టు మలుచుకున్నాడు. యూరపువాళ్లు ఈ సాధన జోలికి వెళ్లొద్దని ఆయన హెచ్చరించడం అందుకు అడ్డురాలేదు.

నాలుగోది తంత్రగ్రంథాలను ఒకదానితో ఒకటి పోల్చి చదివే పండితుల వాదం. చక్రాలు ‘ఉన్నవి’ కాదు, ‘ఉంచుకునేవి’. గ్రంథం చెబుతున్నది ఇక్కడ ఈ పద్మం ఉందని కాదు, ఇక్కడ ఈ పద్మాన్ని భావించు అని. పద్ధతి మారితే పద్మాల సంఖ్య మారుతుంది, చేయబోయే క్రియకు కావలసినన్ని పెట్టుకుంటారు. 50 అక్షరాల లెక్క, యోగినుల వరస తిరగబడటం, నీళ్లు నిప్పుల మార్పిడి, ఈ మూడింటికీ జవాబు చెప్పగలిగింది ఈ వాదం ఒక్కటే. నా మొగ్గు ఇటే. దీని లోపం కూడా చెప్పాలి. నిష్ఠగా భావించినదాన్ని నిజంగా అనుభవించిన సాధకుడికి ‘ఇది నువ్వు పెట్టుకున్నదే’ అనే వివరణ సగం జవాబే. భావన అంతటి అనుభవంగా ఎలా మారుతుంది, ఆ అనుభవం మనిషిని ఎందుకు మార్చేస్తుంది అనే చోట పండితులూ ఆగిపోతారు.

వీటన్నిటికీ పక్కన రమణమహర్షి నిలబడతారు. ‘నేనెవరు’ అనే విచారం సాగుతుంటే కుండలినిని విడిగా లేపాల్సిన పని లేదన్నారు. పటం తప్పనలేదు, దారి అదొక్కటే కాదన్నారు.

ఎక్కడ తేడా కొడుతుంది

‘శక్తి లేచింది’ అనుకునే అనుభవాల్లో కొన్నింటికి ఊపిరే కారణం. వేగంగా, లోతుగా చాలాసేపు శ్వాసిస్తే రక్తంలో కార్బన్ డయాక్సైడ్ పడిపోతుంది. రక్తం క్షారం వైపు జరుగుతుంది. మెదడు రక్తనాళాలు కుంచించుకుంటాయి. రక్తంలో కాల్షియం పనిచేసే రూపంలో తగ్గుతుంది. పెదాల చుట్టూ, వేళ్ల కొసల్లో చీమలు పాకినట్టుండటం, తల తేలిపోవడం, చేతివేళ్లు కొంకర్లు పోవడం వీటివల్లే. మామూలు ఊపిరికి వస్తే కొద్ది నిమిషాల్లో సర్దుకుంటుంది. వారాంతపు శిబిరంలో భస్త్రిక (కొలిమితిత్తిలా వేగంగా ఊపిరాడించే ప్రాణాయామం) మీద భస్త్రిక చేయిస్తే పక్కపక్కనున్న పదిమందికీ ఒకేసారి ‘జాగృతి’ కలగడంలో ఆశ్చర్యం లేదు.

అన్నీ ఇలా సర్దుకోవు. కాశ్మీరీ గుమస్తా గోపీకృష్ణ దాదాపు 17 ఏళ్లు తెల్లవారుజామున ధ్యానం చేశాడు. 1937 డిసెంబరులో జమ్మూలో వెన్నులోంచి వెలుగు ధారలా ఎగిసిందని రాసుకున్నాడు. ఆ వెంటనే వచ్చింది ఆనందం కాదు. నిద్ర లేదు, తిండి సయించలేదు, ఒళ్లంతా మంట, పిచ్చెక్కుతుందేమోనన్న భయం. కోలుకోవడానికి ఏళ్లు పట్టింది. కుండలిని మానవజాతి పరిణామానికి యంత్రమనే సిద్ధాంతం తర్వాత ఆయన కట్టుకున్నదే. పాత గ్రంథాలు ఈ ప్రమాదాన్ని దాచలేదు. సింహాన్నో ఏనుగునో పులినో మచ్చిక చేసుకున్నట్టు ప్రాణాన్ని మెల్లమెల్లగా లొంగదీసుకోవాలని, తొందరపడితే అది సాధకుణ్ణే చంపుతుందని హఠయోగప్రదీపిక అంటుంది.

వైద్యులకు ఇక్కడ రెండు వైపులా జారుడే. ఆధ్యాత్మిక అనుభవాన్నంతా జబ్బనుకుంటే ఒక తప్పు. ‘శక్తిపాతం’ (గురువు నుంచి శక్తి దిగడం) పేరుతో అసలైన ఉన్మాదాన్ని మందులకు దూరంగా ఉంచితే ఇంకా పెద్ద తప్పు. అమెరికన్ సైకియాట్రిక్ అసోసియేషన్ 1994 నాటి తన వర్గీకరణలో ‘మతపరమైన లేదా ఆధ్యాత్మిక సమస్య’ అనే పద్దును జబ్బుల జాబితాకు బయట పెట్టింది. తేడా పట్టడానికి చూసేవి మామూలు సంగతులే: నిద్ర ఎన్ని రాత్రులుగా లేదు, అనుభవం గురించి పక్కకు నిలబడి మాట్లాడగలుగుతున్నారా, ఇంట్లో ఎవరికైనా ఇంతకుముందు ఉన్మాదం వచ్చిందా, డబ్బును నీళ్లలా ఖర్చుపెడుతున్నారా, తనకు దైవాజ్ఞలు అందుతున్నాయంటున్నారా. రోజుల తరబడి నిద్ర లేకుండా మాటలు ఆగని మనిషికి కావలసింది వైద్యుడు. ధ్యానం ఇంకా పెంచితే నిప్పులో నెయ్యి పోసినట్టే.

గోడమీది పటం వయసు కట్టడం

ఇంతా తెలిశాక యోగా కేంద్రం గోడమీదో, ఆయుర్వేద దుకాణంలోనో వేలాడే పటం చూస్తే దాని వయసు చెప్పేయొచ్చు. పద్మాల మీద అక్షరాలు, మధ్యలో చదరం, అర్ధచంద్రుడు, త్రికోణం, షట్కోణం, ఐరావతం, మొసలి, పొట్టేలు, జింక కనిపిస్తే అది పూర్ణానందుడి వంశం, ఉడ్రఫ్ పుస్తకంలోని బొమ్మల మీదుగా వచ్చింది. మూలాధారం పక్కన సాకిని ఉంటే గీసినవారు లలితాసహస్రం దగ్గర పెట్టుకున్నారు, డాకిని ఉంటే బెంగాల్ పటం. ఆకులున్న బండిచక్రాలు, పొట్ట ఎడమవైపు ప్లీహం దగ్గర ఒకటి ఉంటే లెడ్‌బీటర్. ఒక్కో చక్రం పక్కన గ్రంథుల పేర్లు, అడ్రినల్, థైరాయిడ్, పీనియల్ అని ఉంటే 20వ శతాబ్దం. ఏడు రంగులుంటే చాలావరకు 1970ల నాటిదో ఆ తర్వాతిదో.

ఎక్కువ పటాల్లో ఇవన్నీ కలిసే ఉంటాయి. పసుపురంగు మణిపూరం, దాని పది రేకుల మీద డ నుంచి ఫ దాకా దేవనాగరి అక్షరాలు, పక్కన ఇంగ్లీషులో ప్యాంక్రియాస్, కింద పొట్టేలు మీద అగ్ని. ఒకే కాగితం మీద నాలుగు వందల ఏళ్లు. రేకులు లెక్కపెట్టి చూస్తే మాత్రం అప్పుడప్పుడు పదికి బదులు ఎనిమిదే ఉంటాయి, బొమ్మ గీసినవారికి గుండ్రంగా ఎనిమిదే అందంగా కుదిరి ఉంటుంది.